ఇసుక కేసులో చిక్కిన బండి: మధ్యంతర కస్టడీ తీరుతెన్నులు

అనుమతి లేని ఇసుకతో పట్టుబడిన ట్రాక్టరైనా టిప్పరైనా కేసు తేలేదాకా ప్రభుత్వం చేతిలోనే ఉండాలన్న నియమం లేదు. పిలిచినప్పుడు తెచ్చి అప్పగిస్తానని పూచీ ఇచ్చి, కోర్టు పెట్టిన షరతులకు లోబడి, యజమాని బండిని తీసుకెళ్లవచ్చు. దీన్నే మధ్యంతర కస్టడీ అంటారు. దీనివల్ల నేరం మాఫీ కాదు, బండి మీద హక్కూ తేలదు. కేసు ముగిసేవరకు వాహనం ఎవరి సంరక్షణలో ఉండాలన్నది మాత్రమే ఇక్కడ తేలే విషయం. ఈ సంగతి మరిచి, నేరం చేయలేదని పేజీలకు పేజీలు రాసిన పిటిషన్లు కింది కోర్టుల్లో తరచూ కనిపిస్తాయి. కోర్టుకు కావలసినవి వేరే ఉంటాయి: బండి ఎవరిది, ఏ చట్టం కింద పట్టుకున్నారు, వదిలితే తిరిగి వస్తుందా, మళ్లీ అదే ఏటికి పోతుందా.

వీటిలో మొదట తేల్చుకోవలసింది ఏ చట్టం కింద పట్టుకున్నారన్నదే. ఇసుక ఒక్కటే అయినా దానికి కాపలా కాసే చట్టాలు అనేకం. అన్నిటికీ పైన ఉన్నది 1957 నాటి గనులు, ఖనిజాల (అభివృద్ధి, నియంత్రణ) చట్టం. మామూలు ఇసుక ఈ చట్టం దృష్టిలో చిన్నతరహా ఖనిజం. 15వ సెక్షన్ ప్రకారం దానిపై నిబంధనలు చేసుకునే అధికారం రాష్ట్రాలది. ఆ అధికారంతోనే ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1966 నాటి చిన్నతరహా ఖనిజ నిబంధనలు, విభజన తర్వాత 2015లో తెలంగాణ ఇసుక తవ్వకాల నిబంధనలు వచ్చాయి. చట్టంలోని 4(1ఎ) ఉపసెక్షన్ నిబంధనలకు విరుద్ధమైన రవాణాను, నిల్వను నిషేధిస్తుంది. దాన్ని మీరితే 21వ సెక్షన్ కింద శిక్ష. 2015 సవరణకు ముందు గరిష్ఠ శిక్ష రెండేళ్ల జైలు, 25 వేల రూపాయల జరిమానా. ఇప్పుడది అయిదేళ్ల జైలుకు, హెక్టారుకు 5 లక్షల రూపాయల దాకా జరిమానాకు పెరిగింది. ఈ పెంపు తర్వాత బండి విడుదల మీద కూడా అధికారులు, ప్రాసిక్యూటర్లు గట్టిగా అభ్యంతరం చెప్పడం ఎక్కువైంది.

రెండోది 2002 నాటి నీరు, భూమి, చెట్ల చట్టం. జనం నోట అది వాల్టా. నీటి వనరులను, భూమిని, చెట్లను కాపాడడం దీని ఉద్దేశం. వంతెనలకు, ఆనకట్టలకు 500 మీటర్ల లోపు ఇసుక తీయకూడదన్న నిబంధన దీని కింద చేసిన నియమాల్లోనిదే. తహసీల్దారు పట్టుకున్న బండ్ల మీద చాలాసార్లు పడేది వాల్టా కేసే. మూడోది దొంగతనం. ఏటి ఇసుక ప్రభుత్వ ఆస్తి కనుక చెప్పకుండా ఎత్తుకుపోతే చోరీ అవుతుందన్న వాదనతో పోలీసులు ఒకప్పుడు ఐపీసీ 379 కింద, 2024 జూలై 1 నుంచి భారతీయ న్యాయ సంహిత 303(2) కింద కేసు కడుతున్నారు. నాలుగోది అటవీ చట్టం. దీని దారి పూర్తిగా వేరు.

ఒకే బండి మీద ఒకటికి మించిన చట్టాల సెక్షన్లు పడవచ్చా? పడవచ్చు. ఢిల్లీ ప్రభుత్వం వర్సెస్ సంజయ్ కేసులో సుప్రీంకోర్టు 2014లో ఈ చిక్కుముడి విప్పింది. యమున ఇసుక తవ్వకాల మీద నడిచిన కేసు అది. ఖనిజాల చట్టం 22వ సెక్షన్ ప్రకారం అధీకృత అధికారి రాతపూర్వకంగా ఫిర్యాదు చేస్తేనే కోర్టు ఆ నేరాన్ని విచారణకు స్వీకరించాలి. ఆ అడ్డంకి ఖనిజాల చట్టం నేరానికే గాని దొంగతనం కేసుకు వర్తించదని కోర్టు తేల్చింది. 2020 డిసెంబరులో జయంత్ వర్సెస్ మధ్యప్రదేశ్ కేసులో ఇంకో అడుగు వేసి, అధికారితో రాజీ కుదిరి సొమ్ము కట్టినా ఖనిజాల చట్టం కేసు మాత్రమే ముగుస్తుందని, ఐపీసీ కేసు నడవవచ్చని చెప్పింది. బండి యజమానికి ఈ తీర్పు బాగా తగిలే చోటు ఇదే. గనుల శాఖకు చలానా కట్టి రసీదు తెచ్చుకున్నాక కూడా స్టేషన్లో ఎఫ్ఐఆర్ ఉంటే మేజిస్ట్రేటు ఉత్తర్వు లేకుండా బండి కదలదు.

అందుకే బండి పట్టుబడిన రోజునే చూడవలసినది పంచనామా. అందులో పట్టుకున్న అధికారి పేరు, హోదా, చట్టం, సెక్షన్ ఉండాలి. ఖనిజాల చట్టం 21(4) కింద వాహనాన్ని స్వాధీనం చేసుకునే అధికారం ప్రభుత్వం ప్రత్యేకంగా నియమించిన అధికారులకే ఉంది. పోలీసులు దొంగతనం అనుమానంతో పట్టుకుంటే అది సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహిత 106వ సెక్షన్ కింద జరిగిన పని. అప్పుడు వెంటనే మేజిస్ట్రేటుకు తెలియజేయడం వారి విధి. తెలియజేయకుండా, కేసు కట్టకుండా, రసీదు ఇవ్వకుండా బండిని రోజుల తరబడి ఆవరణలో నిలబెడితే అది చట్టం పేరు చెప్పుకోలేని నిర్బంధం. హైకోర్టుల్లో దాఖలయ్యే రిట్ పిటిషన్లలో చాలావాటి మూలం ఇక్కడే ఉంటుంది.

బండి విడిపించుకునే దారులు రెండు. ఒకటి అధికారి దగ్గర, రెండోది కోర్టులో.

అధికారి దగ్గరి దారి ఖనిజాల చట్టం 23ఎ సెక్షన్‌ది. ఫిర్యాదు చేసే అధికారం ఉన్న అధికారి, ప్రాసిక్యూషన్ మొదలయ్యే ముందు గాని తర్వాత గాని, తగిన సొమ్ము కట్టించుకుని నేరాన్ని రాజీ చేయవచ్చు. జరిమానా మాత్రమే శిక్షగా ఉన్న నేరమైతే ఆ సొమ్ము గరిష్ఠ జరిమానాను దాటకూడదు. రాష్ట్ర నిబంధనలు, వాల్టా నియమాలు కూడా జరిమానా కట్టించుకుని బండి వదిలే పద్ధతిని కల్పించాయి. ఊళ్లలో ఎక్కువ ట్రాక్టర్లు బయటికొచ్చేది ఈ దారినే. చిన్న రైతుకు ఇది త్వరగా అయ్యే పనే. కాని రాజీని నేరం ఒప్పుకున్నట్టుగా చూసే వీలుంది. రెండోసారి పట్టుబడితే మొదటి చలానాను ఎదురు చూపవచ్చు. పర్మిట్ నిజంగా ఉండి కూడా తొందర కొద్దీ జరిమానా కట్టినవాడికి ఈ సంగతి తర్వాత గాని తెలియదు. ఇంకో వైపు చూస్తే, పదుల సంఖ్యలో టిప్పర్లు నడిపేవారికి ఈ జరిమానా ఒక ట్రిప్పు ఖర్చు కింద పోతుంది. ఒకే అంకె ఒకరి కుటుంబాన్ని కుదిపేసి, ఇంకొకరిని తాకకుండా పోవడం ఈ పద్ధతిలో పెద్ద లోపం.

కోర్టు దారికి ఆధారం పాత సీఆర్‌పీసీలో 451, 457 సెక్షన్లు. ఇప్పుడు నాగరిక సురక్షా సంహితలో అవే 497, 503. వస్తువు కోర్టు ముందుకు వచ్చినప్పుడు 497, పోలీసులు స్వాధీనాన్ని నివేదించారు గాని వస్తువు కోర్టుకు రానప్పుడు 503 వర్తిస్తాయి. ఏ సెక్షన్ రాయాలో తెలియక రెండూ కలిపి రాయడం మామూలే. సెక్షన్ తప్పు పడినంత మాత్రాన పిటిషన్ కొట్టేయనక్కర్లేదు. కొత్త సంహిత తెచ్చిన అసలైన మార్పు గడువుల్లో ఉంది. వస్తువు కోర్టు ముందుకు వచ్చిన 14 రోజుల్లో దాని వివరాల పట్టిక తయారు కావాలి, ఫొటోలు, అవసరమైతే వీడియో తీయాలి. ఆ తర్వాత 30 రోజుల్లో దాన్ని ఎవరికి అప్పగించాలో, ఏం చేయాలో కోర్టు ఉత్తర్వు ఇవ్వాలి. ఆ ఫొటోలే విచారణలో సాక్ష్యంగా పనికొస్తాయి కాబట్టి, సాక్ష్యం కోసం బండిని ఉంచుకోవాలన్న అభ్యంతరం పలచబడింది.

ఈ మార్పుకు బీజం పడింది 2002 అక్టోబరులో. సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ వర్సెస్ గుజరాత్ కేసులో నిందితులు పోలీసులే. స్టేషన్లో దాచిన కేసు వస్తువులను మార్చేశారని, సొమ్ము వాడుకున్నారని, అధికారం లేకుండా వేలం వేశారని వారి మీద ఆరోపణ. ఆ సందర్భంలో సుప్రీంకోర్టు, పట్టుబడిన వాహనాలను స్టేషన్లలో ఏళ్ల తరబడి ఉంచడం వల్ల ఎవరికీ ప్రయోజనం లేదని, తగిన బాండు, హామీ, పూచీకత్తు తీసుకుని వెంటనే తగిన ఉత్తర్వు ఇవ్వాలని చెప్పింది. 2010లో జనరల్ ఇన్సూరెన్స్ కౌన్సిల్ వర్సెస్ ఆంధ్రప్రదేశ్ కేసులో అదే సూత్రాన్ని మళ్లీ గుర్తుచేసింది. మండల కేంద్రంలోని ఏ స్టేషన్ ఆవరణ చూసినా ఈ తీర్పుల అవసరం అర్థమవుతుంది. టైర్లు నేలలోకి కుంగి ఉంటాయి, బ్యాటరీ ఉండదు, ట్రక్కు అడుగున తడి ఇసుక అలాగే మిగిలి రేకు తుప్పు పట్టి ఉంటుంది. ఆఖరికి జప్తు చేసి వేలం వేసినా ప్రభుత్వానికి దక్కేది పాత ఇనుము ధరే.

అయితే ఖనిజాల చట్టం కేసులో సుందర్‌భాయ్ తీర్పు చూపగానే బండి ఇచ్చేయాలా? ఇక్కడ వాదం బలంగా రెండు వైపులా ఉంది. 21(4ఎ) ఉపసెక్షన్ 1999 సవరణతో వచ్చింది. పట్టుబడిన ఖనిజం, పనిముట్లు, వాహనం జప్తుకు అర్హమైనవని, ఆ నేరాన్ని విచారించగల కోర్టు ఉత్తర్వు మీదే జప్తు జరగాలని, వాటిని ఏం చేయాలో ఆ కోర్టే చెప్పాలని దాని సారం. జప్తు కావలసిన బండిని ముందే వదిలితే ఆ నిబంధనకు అర్థమేముందని ప్రాసిక్యూషన్ అడుగుతుంది. జప్తు అధికారం కోర్టుదే గనుక మధ్యలో కాపాడే అధికారం కూడా కోర్టుదేనని, చట్టంలో మధ్యంతర కస్టడీని నిషేధించే మాట ఎక్కడా లేదని యజమాని వాదిస్తాడు. రెండో వాదనే చట్టం మాటలకు దగ్గరగా ఉంది. నిషేధించదలచుకుంటే చట్టసభలు స్పష్టంగా నిషేధిస్తాయి. కొన్ని రాష్ట్రాల అటవీ చట్టాలు అలా చేశాయి కూడా.

ఏ కోర్టుకు పోవాలన్నది దీనికి అంటుకున్న చిక్కు. ఖనిజాల చట్టానికి 2015లో వచ్చిన సవరణ 30బి సెక్షన్ ద్వారా ప్రత్యేక కోర్టుల ఏర్పాటుకు వీలు కల్పించింది. 30సి ప్రకారం వాటికి సెషన్స్ కోర్టు హోదా. ఖనిజాల చట్టం కింద ఫిర్యాదు దాఖలై, జిల్లాలో ప్రత్యేక కోర్టు ఉంటే పిటిషన్ అక్కడ వేయాలి. దొంగతనం కేసు మాత్రమే ఉండి ఫిర్యాదు ఇంకా రాకపోతే మేజిస్ట్రేటు ముందే వేస్తారు. ఎఫ్ఐఆర్‌లో రెండు చట్టాల సెక్షన్లూ ఉంటే ఈ కోర్టు ఆ కోర్టుకు, ఆ కోర్టు ఈ కోర్టుకు పొమ్మనడమూ జరుగుతుంది. ప్రదీప్ వొడెయార్ వర్సెస్ కర్ణాటక కేసులో 2021లో సుప్రీంకోర్టు, మేజిస్ట్రేటు కమిట్ చేయకుండా ప్రత్యేక కోర్టు నేరుగా కేసును స్వీకరించరాదని, అయితే ఆ ఒక్క లోపంతో మొత్తం విచారణ చెల్లకుండా పోదని చెప్పింది. కమిట్ అయ్యేదాకా మేజిస్ట్రేటు దగ్గర దారి మూసుకుపోదన్న వాదనకు ఇది ఊతమిస్తుంది.

అడవి విషయం వేరు. రిజర్వు అడవిలోని వాగు నుంచి ఇసుక తెస్తూ పట్టుబడితే అటవీ అధికారి కేసు పెడతాడు. ఆంధ్రప్రదేశ్ అటవీ చట్టం 1967లోని 44వ సెక్షన్ అధీకృత అటవీ అధికారికే జప్తు అధికారం ఇచ్చింది. మధ్యప్రదేశ్ వర్సెస్ ఉదయ్ సింగ్ కేసులో, చంబల్ ప్రాంతంలో ఇసుకతో పట్టుబడిన ట్రాక్టరు గురించి, 2019లో సుప్రీంకోర్టు స్పష్టంగా తేల్చింది: అక్కడి అటవీ చట్ట సవరణల ప్రకారం జప్తు చర్య మొదలైందని తెలియజేశాక మేజిస్ట్రేటు బండి వదలలేడు. అంతకుముందు 2000లో కర్ణాటక వర్సెస్ కృష్ణన్ కేసులోనూ అటవీ నేరాల్లో వాహనాలను మామూలుగా వదలరాదని, తప్పనిసరైతే బ్యాంకు గ్యారంటీ తీసుకోవాలని చెప్పింది. కనుక పట్టుబడిన చోటు రెవెన్యూ పోరంబోకా, పట్టా భూమా, అడవా అన్నది పంచనామాలో సర్వే నంబరుతో సహా ఉందో లేదో చూసుకోవాలి.

కోర్టులు, శాఖలు కాక జాతీయ హరిత ట్రిబ్యునల్ కూడా ఈ విషయంలో మాట చెప్పింది. చిన్న జరిమానాలతో బండ్లు వదిలేయడం వల్లే నదులు గుల్లవుతున్నాయని భావించి, 2019లో వాహనం షోరూం ధరలో సగం కడితేనే వదలాలని ఆదేశించింది. 2020లో దాన్ని సవరించి శ్లాబులు పెట్టింది. షోరూం ధర 25 లక్షలు దాటి అయిదేళ్ల లోపు వయసున్న వాహనానికి 4 లక్షలు, అయిదు నుంచి పదేళ్లదైతే 3 లక్షలు, మిగతావాటికి 2 లక్షలు. ఇది పర్యావరణ పరిహారం, ఖనిజం ధర వేరు. ఏటి గట్టున బావి ఎండిపోయిన రైతు వైపు నుంచి చూస్తే ఈ కాఠిన్యం సబబే. కాని ట్రాక్టరు ట్రక్కులో పట్టేది సుమారు మూడు క్యూబిక్ మీటర్లు. ఊళ్లో ఇంటి గోడకోసం ఒక ట్రిప్పు తెచ్చిన పాత ట్రాక్టరుకు 2 లక్షలంటే దాని అమ్మకపు ధరలో పెద్ద భాగమే పోతుంది.

పిటిషన్ తయారీలో బలం కాగితాల్లోనే ఉంటుంది. అడగవలసినవాడు రిజిస్టర్డ్ యజమాని. డ్రైవరు వేసిన పిటిషన్ నిలవదు. బండి కొని ఆర్సీ మార్చుకోనివాడు పాత యజమాని నుంచి అధికార పత్రం తేవాలి. ఫైనాన్సు ఉంటే ఆర్సీలో ఆ సంస్థ పేరు ఉంటుంది కనుక వారి నిరభ్యంతర పత్రం ముందే జతచేస్తే వాయిదా మిగులుతుంది. ట్రాక్టరు విషయంలో ఒక మెలిక ఉంది. ఇంజనుకు ఒక నంబరు, ట్రక్కుకు ఇంకో నంబరు, రెండు ఆర్సీలు. పిటిషన్లో ఇంజను నంబరు ఒక్కటే రాస్తే ఉత్తర్వూ ఇంజనుకే వస్తుంది, ట్రక్కు స్టేషన్లోనే ఉండిపోతుంది. వ్యవసాయ పనికని రిజిస్టరైన ట్రాక్టరు కిరాయికి ఇసుక తోలితే రవాణా శాఖ కేసు వేరుగా పడుతుంది. ఇన్సూరెన్సు, ఫిట్‌నెస్ గడువు దాటిపోతే వాటిని రెన్యూ చేయించుకోమని షరతు పడుతుంది. బండి విలువకు బ్రేక్ ఇన్‌స్పెక్టరు సర్టిఫికెట్ అడిగే కోర్టులు చాలా ఉన్నాయి. ఎఫ్ఐఆర్ నకలు, పంచనామా నకలు, ఇదివరకు ఇలాంటి పిటిషన్ వేయలేదన్న ప్రమాణ పత్రం ఎలాగూ ఉండాలి.

వే బిల్లు గురించి నిజం చెప్పడం అన్నిటికంటే ముఖ్యం. పర్మిట్ మీద తేదీ, బయల్దేరిన వేళ, గడువు, చేరవలసిన చోటు, బండి నంబరు ఉంటాయి. ఒకే వే బిల్లు మీద రెండు ట్రిప్పులు తోలడం ఈ కేసుల్లో బాగా కనిపించే పద్ధతి. దారిలో టైరు పంక్చరై గడువు దాటితే దానికి పంక్చరు షాపు రసీదో, టోల్‌గేటు చీటీయో జతచేయవచ్చు. స్టాక్ యార్డు నుంచి కొన్నామంటూ చూపిన ఇసుకలోంచి నీరు కారుతుంటే ఆ మాట నిలవదు, పంచనామాలో ఆ సంగతి రాయడం అధికారులకు అలవాటే. పట్టుబడిన తేదీ కూడా చూడాలి. ఆంధ్రప్రదేశ్‌లో ఇసుక విధానం 2016లో ఉచితం, 2019లో ప్రభుత్వ సంస్థ ద్వారా అమ్మకం, 2021లో ప్రైవేటు సంస్థకు అప్పగింత, 2024 జూలైలో మళ్లీ ఉచితం అంటూ మారుతూ వచ్చింది. ఆ రోజు అమల్లో ఉన్న విధానం ప్రకారం ఏ పత్రం కావాలో దాన్నే చూపాలి. ఇసుక ఉచితమైనంత మాత్రాన ఎక్కడ పడితే అక్కడ తవ్వే హక్కు రాదు. స్థానిక వాగుల నుంచి సొంత అవసరానికి తెచ్చుకునే వెసులుబాటు రెండు రాష్ట్రాల నిబంధనల్లోనూ ఉంది, కాని అది అమ్మకానికి, దూరప్రాంత రవాణాకు పనికిరాదు.

పిటిషన్ నంబరైన తర్వాత నోటీసు ప్రాసిక్యూటరుకు, ఆయన ద్వారా దర్యాప్తు అధికారికి వెళుతుంది. వచ్చే అభ్యంతరాలు దాదాపు ఒకేలా ఉంటాయి: దర్యాప్తు ముగియలేదు, వదిలితే మళ్లీ అదే పని చేస్తారు, జప్తు ప్రతిపాదన ఉంది. మొదటిదానికి బలం తక్కువ, ఎందుకంటే ఇసుక నమూనా, కొలత, ఫొటోలు అయిపోయాక బండితో దర్యాప్తుకు పని ఉండదు. మూడోదానికి జవాబు పైన చెప్పుకున్నదే. రెండోదే గట్టిది. ఆ బండి మీద పాత కేసు ఉన్నట్టు అధికారి నంబరుతో సహా చూపితే న్యాయమూర్తి వెనకాడడం సహజం, వెనకాడాలి కూడా. పాత కేసు లేనప్పుడు ఆ అభ్యంతరం ఊహ మాత్రమే.

ఉత్తర్వు వచ్చేది షరతులతో. బండి విలువకు సొంత బాండు, అంతే మొత్తానికి ఇద్దరు జామీనుదారులు, కొన్నిచోట్ల కొంత నగదు డిపాజిట్టు లేదా బ్యాంకు గ్యారంటీ. బండిని అమ్మరాదు, తాకట్టు పెట్టరాదు, రంగు, ఇంజను, ఛాసిస్ మార్చరాదు, పిలిచినప్పుడు తేవాలి, మళ్లీ ఇసుక అక్రమ రవాణాకు వాడరాదు. డిపాజిట్టు ఎంతన్నదే అన్నిటికంటే ఆలోచించి పెట్టవలసిన షరతు. తక్కువైతే ఉత్తర్వు అక్రమ రవాణాకు గేటు రుసుములా మారుతుంది. మరీ ఎక్కువైతే చేతికి ఉత్తర్వు ఉన్నా బండి రాదు, వాయిదాలు కట్టలేక ఫైనాన్సు సంస్థే లాక్కుపోతుంది. బండి వయసు, ఇసుక పరిమాణం, పాత కేసులు, యజమానికి ఉన్న బండ్ల సంఖ్య చూసి లెక్క కట్టిన ఉత్తర్వులే పై కోర్టుల్లో నిలుస్తున్నాయి. షరతు మీరితే బాండు సొమ్ము వసూలు చేయవచ్చు, కస్టడీ రద్దు చేసి బండిని తిరిగి స్వాధీనం చేసుకోవచ్చు.

మేజిస్ట్రేటు కాదంటే పైకి పోవడానికి నాగరిక సురక్షా సంహిత 438వ సెక్షన్ కింద రివిజన్ ఉంది. కస్టడీ ఉత్తర్వు మధ్యంతర స్వభావం గలదని, రివిజనుకు తగదని ఎదుటి పక్షం అడ్డుచెబుతుంది. అందుకే చాలామంది హైకోర్టులో 528వ సెక్షన్ కింద, అంటే పాత 482 కింద, పిటిషన్ వేస్తారు. షరతు మరీ భారమనిపిస్తే దాన్ని తగ్గించమని అడగడానికీ ఇదే తోవ. కేసే లేకుండా బండి ఆపినప్పుడు, అధికారి దరఖాస్తు తీసుకుని పలకనప్పుడు రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ సరైన మార్గం. అందులోనూ హైకోర్టులు సాధారణంగా బండిని నేరుగా ఇప్పించవు. గడువు పెట్టి, దరఖాస్తు మీద నిర్ణయం తీసుకోమనో, చట్టప్రకారం కోర్టు ముందు పెట్టమనో అధికారికి చెబుతాయి. అలాంటి ఉత్తర్వుతో తిరిగి వచ్చినవాడు మళ్లీ జరిమానా లెక్క దగ్గర కూర్చోవలసిందే.

విచారణ ముగిశాక బండి గతి నాగరిక సురక్షా సంహిత 498వ సెక్షన్ ప్రకారం తేలుతుంది. నేరం రుజువు కాకపోతే బాండు, జామీనుదారుల బాధ్యత ముగుస్తాయి, డిపాజిట్టు కోసం వేరే దరఖాస్తు పెట్టి తీసుకోవాలి. రుజువైతే ఖనిజాల చట్టం 21(4ఎ) కింద కోర్టు జప్తుకు ఉత్తర్వు ఇవ్వవచ్చు. అప్పుడు మధ్యంతర కస్టడీలో ఉన్న బండిని యజమాని నడిపే స్థితిలో తెచ్చి అప్పగించాలి. తేలేకపోతే ఆ విలువను బాండు మీద, జామీనుదారుల మీద వసూలు చేస్తారు. తరలిపోయిన ఇసుక ధర, దాని మీది రాయల్టీ 21(5) కింద విడిగా బాకీ ఉంటాయి, బండి విడుదలైనా జప్తయినా ఆ బాకీ తీరదు.